పత్రిక ఖర్చు ఎవరిదో మాట వారిదే

(ఖరగ్‌పూర్‌లోని నిమ్‌పురాలో తెలుగువారి సభలో చేసిన ప్రసంగ పాఠం)



పత్రికల ఆర్థిక చరిత్ర మీద పీహెచ్‌డీ చేస్తున్నాను. పత్రికలో ఏం రాశారన్నదే కాదు, కాగితం, అచ్చు, పోస్టు ఖర్చు ఎవరు పెట్టారన్నదీ చూస్తాను. డబ్బు ఎటు నుంచి వస్తే మాట అటే మొగ్గుతుంది.

వాణిజ్య పత్రిక మీద వేసే ధర దాని ఖర్చుకు చాలదు. మిగతాది ప్రకటనలు భరించేవి. అంటే పత్రికను పాఠకుడికి అమ్మి, ఆ పాఠకుణ్ని ప్రకటనదారుకు అమ్మేవారు. ఇప్పుడు ఆ ప్రకటనల్లో పెద్ద వాటా గూగుల్‌కు, ఫేస్‌బుక్‌కు పోతోంది. 2021లో విపుల, చతుర కూడా అచ్చు మానేశాయి.

కానీ మన పత్రికలకు ప్రకటనలు ఎప్పుడొచ్చాయి? 1920 జనవరి 31న బాబాసాహెబ్ 'మూక్‌నాయక్' మొదలుపెడితే, డబ్బు కడతామన్నా దాని ప్రకటన వేయడానికి 'కేసరి' ఒప్పుకోలేదు. కొల్హాపూర్ సాహు మహారాజ్ ఇచ్చిన 2,500 రూపాయలే తొలి ఆసరా. డబ్బు చాలక అది 1923లో ఆగింది. 1927లో వచ్చిన 'బహిష్కృత భారత్' 1929 దాటలేదు. మన కాలంలో, 2009లో మొదలైన 'ఫార్వర్డ్ ప్రెస్' 2016లో అచ్చు ఆపి వెబ్‌కు, పుస్తకాలకు మారింది.

ఇప్పుడు పెద్ద పత్రికలు "పాఠకుల మద్దతు" అని కొత్తగా అంటున్నాయి. మనకది వందేళ్ల నాటి మాట.

అయితే ఒక చిక్కుంది. అచ్చు ప్రతి ఒకరు కొంటే పది మంది చదివేవారు. ఫోన్‌లో చందా కట్టినవారికే పేజీ తెరుచుకుంటే కూలి మనిషి బయటే ఉంటాడు. అందరికీ ఊరికే ఇస్తే నడిపేవారు అప్పులపాలవుతారు. కాబట్టి కట్టగలిగినవారు కట్టలేనివారి తరఫున కూడా కట్టాలి, పేజీకి మాత్రం తాళం వేయకూడదు.

బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే కాలం నుంచి ఈ ఊళ్లో వర్క్‌షాపు, యార్డు పనులు చేసిన కుటుంబాలు మీవి. జీతంలోంచి యూనియన్ చందా తీయడం మీకు కొత్త కాదు. అలాగే పది ఇళ్లు కలిసి ఒక పత్రికకు చందా కట్టండి. అచ్చు ప్రతి వస్తే అందరికీ అందేచోట ఉంచండి. ఆదివారం ఒకరు పైకి చదవండి. ఇంట్లో తెలుగు మాట్లాడుతూ, బడిలో వేరే భాషలు చదివే పిల్లలు వింటారు, అక్షరాలు పట్టుకుంటారు. వాళ్ల కోసం ఏ ప్రకటనదారూ డబ్బు పెట్టడు. మనమే పెట్టాలి.

జై భీమ్.