పత్తి ఊళ్లో మట్కా: ఆదోని పట్టభద్రులకు స్నాతకోత్సవ ప్రసంగం

ఆదోని, ఎమ్మిగనూరు వీధుల్లో నడిచే అంకెల జూదం మట్కా పత్తి వ్యాపారంలోంచే పుట్టింది. న్యూయార్క్ పత్తి ధరలు టెలిప్రింటర్ మీద బొంబాయికి వచ్చేవి. మొదటి ధర, ఆఖరి ధర ఎంత పలుకుతాయోనని జనం పందెం కాసేవారు. 1961లో ఆ ధరలు ఆగిపోయాయి. 1962లో కల్యాణ్‌జీ భగత్, 1964లో రతన్ ఖత్రీ అంకెలు తీసి ప్రకటించే ఆట మొదలుపెట్టారు.

రెండో బొంబాయి అనిపించుకున్న ఆదోనిలో జిన్నింగు, నూనె మిల్లులు చాలావరకు మూతపడ్డాయి. ఎమ్మిగనూరులో 1938లో మాచాని సోమప్ప చేనేత సహకార సంఘం పెట్టి ఎందరికో పని చూపారు. అక్కడా మగ్గాలు తగ్గాయి. చిప్పగిరి, కోసిగి, కౌతాళం పల్లెల్లో వాన తప్పితే గుంటూరు మిరప చేలకు సుగ్గికి, అంటే వలస కూలికి, పోవడమే గతి. పిల్లల బడి ఆగుతుంది. తెచ్చిన కూలి అప్పులకు పోగా మిగిలింది మట్కా చీటీకి, మందుకు పోతుంది.

మట్కాలో 00 నుంచి 99 దాకా నూరు జోడీలు. తగిలితే రూపాయికి ఎనభయ్యో తొంభయ్యో ఇస్తారు. నూరింటి మీదా తలా రూపాయి కట్టినా పదో ఇరవయ్యో నష్టమే. 47 కాసినవాడికి 48 వస్తే, అంకె దాకా వచ్చి తప్పిందని మర్నాడు రెట్టింపు కాస్తాడు. 48 రావడం వల్ల 47 ఇసుమంత కూడా దగ్గరపడదు. ఆశ మాత్రం అక్కడే చిక్కుకుంటుంది. జూదం మానలేకపోవడాన్ని ప్రపంచ ఆరోగ్య సంస్థ వ్యసన రోగాల్లో చేర్చింది. కాబట్టి తిట్టినందువల్ల, కొట్టినందువల్ల మానేది కాదు.

1992లో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు సారా మీద తిరగబడ్డారు, 1993లో సారా నిషేధం వచ్చింది. సారా కొట్టుకు తలుపుంది, అడ్డంగా కూర్చోవచ్చు. మట్కాకు తలుపు లేదు. 1974 నాటి గేమింగ్ చట్టం కింద తరచు దొరికేది చీటీలు రాసేవాళ్లే.

ఈ ప్రాంతపు డిగ్రీ పట్టాల్లో ఎన్నింటి వెనకో సుగ్గి కూలి ఉంది. అయినా డిగ్రీ చదివిన పిల్లల ఫోన్లలోకి క్రికెట్ బెట్టింగు చేరింది. సంభావ్యత పాఠం చదివి పరీక్ష రాసినవాళ్లనూ ఆ ఆశే పట్టుకుంది. ఆన్‌లైన్ బెట్టింగును రాష్ట్రం 2020లోనే నిషేధించింది. ఆ సంభావ్యత పాఠం అమ్మానాన్నలకు, అన్నలకు చీటీ మీద రాసి చూపించాల్సింది వీళ్లే.

దిగులు మరీ ఎక్కువైతే టెలిమానస్ నంబరు 14416. ఇది 2022లో మొదలైంది. తెలుగులో, ఉచితంగా మాట్లాడతారు. మందు మానాలనుకునేవారికి 14446.