పద్నాలుగో రోజు ఎవరి లెక్క?



పెళ్లయి ఏడాది తిరక్కముందే ఇంటికొచ్చిన చుట్టాలు "ఏమైనా విశేషమా?" అని అడగడం మామూలే. ఆ ప్రశ్నకు జవాబు చెప్పలేక ఎన్నో జంటలు క్యాలెండర్ ముందు కూర్చుంటాయి. నెలసరి వచ్చిన రోజు నుంచి పద్నాలుగు లెక్కపెట్టి, ఆ తేదీ చుట్టూ సున్నా చుడతారు. లెక్క తప్పేది అక్కడే.

జపాన్‌లోని నీగాటా నగరంలో స్త్రీల వైద్యుడు క్యూసాకు ఒగినో 1924లో ఒక సంగతి తేల్చాడు. అండం విడుదలయ్యాక 12 నుంచి 16 రోజుల్లో తర్వాతి నెలసరి వస్తుంది. అంటే లెక్కపెట్టాల్సింది వచ్చిపోయిన నెలసరి నుంచి ముందుకు కాదు, రాబోయే నెలసరి నుంచి వెనక్కి. తర్వాత లోకం ఈ లెక్కను పిల్లలు వద్దనుకోవడానికి వాడుకుంది. అందుకిది నమ్మదగింది కాదని ఒగినో వ్యతిరేకించాడు.

28 రోజులకోసారి ముట్టయ్యే స్త్రీకి 14వ రోజు ఇంచుమించు సరిపోతుంది. 35 రోజులకోసారి అయ్యే ఆమెకు అండం విడుదలయ్యేది 21వ రోజు ప్రాంతంలో. ఆ జంట 14వ రోజునే నమ్ముకుంటే, ఒంట్లో మహా అయితే ఐదు రోజులు బతికే వీర్యకణాలు 19వ రోజుకల్లా చచ్చిపోతాయి. అండం బయటికొచ్చేసరికి ఎదురుచూసేవాళ్లే ఉండరు. దాని ఆయుష్షూ ఒక్క రోజే.

కాబట్టి గర్భం నిలిచే రోజులు ఆరు: అండం విడుదలయ్యే రోజు, దానికి ముందటి ఐదు. అమెరికాలోని నార్త్ కరోలినాలో ఆలెన్ విల్‌కాక్స్ బృందం 221 మంది స్త్రీలను పరిశీలించి 1995లో ఈ మాటే చెప్పింది. ఆ ఆరూ 10 నుంచి 17వ రోజు మధ్యే పడినవాళ్లు నూటికి 30 మందేనని 2000లో అదే బృందం తేల్చింది.

మరి రాబోయే నెలసరి తేదీ ముందే తెలిసేదెలా? అది తెలియకపోయినా, అండం విడుదల గురించి ఒళ్లు కొన్ని గుర్తులు చూపిస్తుంది. తెల్లబట్ట పలచబడి, పచ్చి గుడ్డు తెల్లసొనలా వేళ్ల మధ్య సాగితే మంచి రోజులు వచ్చినట్టే. మందుల షాపులో దొరికే ఓవ్యులేషన్ కిట్ మూత్రంలో ఎల్‌హెచ్ హార్మోన్ పెరగడాన్ని పట్టుకుంటుంది. ఆ తర్వాత 24 నుంచి 36 గంటల్లో అండం విడుదలవుతుంది. పీసీఓడీ అనే అండాశయాల సమస్య ఉన్నవారిలో ఆ హార్మోన్ ఎప్పుడూ ఎక్కువే ఉండొచ్చు గనక కిట్ తప్పు చూపవచ్చు. పొద్దున్నే మంచం దిగకముందు థర్మామీటర్ పెట్టి చూసుకునేవాళ్లూ ఉన్నారు. కానీ వేడి కొద్దిగా పెరిగేది అండం విడుదలయ్యాకే. రెండు మూడు నెలలు రాసిపెట్టుకుంటే ఆపై నెలల అంచనాకు అది పనికొస్తుంది.

ఇదంతా తలనొప్పి అనుకుంటే, రెండు మూడు రోజులకోసారి కలుస్తున్నా చాలు. ఆ ఆరు రోజులూ తప్పిపోవు.

ఏడాది ప్రయత్నించినా గర్భం నిలవకపోతే, 35 దాటిన స్త్రీ అయితే ఆరు నెలలకే, డాక్టరును కలవాలి. ముట్టు రెండు మూడు నెలలకోసారి వస్తుంటే అంతకాలం ఆగనక్కర్లేదు. వెళ్లేటప్పుడు ఇద్దరూ వెళ్లాలి. కోడలికి అన్ని స్కానింగులూ అయ్యాక గానీ కొడుకు పరీక్ష గుర్తుకు రాని ఇళ్లు ఇంకా ఉన్నాయి. వీర్యపరీక్షకు సూదీ కోతా అక్కర్లేదు. దయచేసి దాన్ని మొదటే చేయించండి.