పులి చారల తుపాకీ రొయ్య

(మహిళల కార్యక్రమంలో చేసిన ప్రసంగ పాఠం)



రొయ్య అనగానే మనలో కొందరికి ఇగురూ, వేపుడూ గుర్తుకొస్తాయి. మరికొందరు ముక్కు మూసుకుంటారు. ఇవాళ నేను చెప్పబోయే రొయ్య వంటింటికి చేరేది కాదు కనుక ఇద్దరూ నిశ్చింతగా వినవచ్చు. పేరుకి ఇదీ పులి రొయ్యే. కానీ మన కోస్తా జిల్లాల చెరువుల్లో పెంచే టైగర్ రొయ్య వేరు, ఇది వేరు. అది జానెడు దాటి పెరుగుతుంది. ఇది నిండా ఎదిగినా రెండంగుళాలే.

దీన్ని 1969లో మియా, మియాకే అనే జపాను శాస్త్రజ్ఞులు లోకానికి పరిచయం చేశారు. పెట్టిన పేరు ఆల్ఫియస్ బెల్లులస్. లాటిన్ భాషలో బెల్లులస్ అంటే ముద్దుగా ఉండేది అని అర్థమట. బొమ్మ చూస్తే మీరూ కాదనరు. మీగడ రంగు ఒంటిమీద గోధుమ, నారింజ కలిసిన అడ్డచారలు. అవి స్కేలు పెట్టి గీసినట్టుండవు, అద్దకంలో రంగు పాకినట్టు వంకరటింకరగా ఉంటాయి. కాళ్ళకి ఊదారంగు కట్లు, గాజులు తొడిగినట్టు. మీసాలేమో ఎర్రన.

ఇంత సింగారమూ ఉన్నా, దాని ముందరి డెక్కలు రెండూ సమానంగా ఉండవు. ఒకటి మామూలుది. రెండోది ఒంటికి మించినంత పెద్దది. ఆ పెద్ద డెక్కే తుపాకీ. దాని పై వేలికి రోకలిపొన్నులాంటి మొటిమ ఒకటి, కింది వేలిలో దానికి సరిపడా రోలులాంటి గుంట ఒకటి. రొయ్య పై వేలిని తెరిచి, కండరాలు బిగబట్టి, ఒక్కసారి వదులుతుంది. రోకలి రోట్లో పడుతుంది. గుంటలో ఉన్న నీళ్ళు పిచికారీ కొట్టినట్టు బయటికి దూసుకుపోతాయి. ఆ వేగం గంటకి 90 కిలోమీటర్ల దాకా ఉంటుంది.

అప్పుడు వచ్చే టప్పుమన్న చప్పుడు వేలూ వేలూ కొట్టుకోవడం వల్లనే వస్తుందని చాలాకాలం అనుకున్నారు. 2000లో నెదర్లాండ్స్, జర్మనీ పరిశోధకులు ఈ పులి రొయ్య దాయాది ఒకదాన్ని తీసుకుని, అతివేగంగా బొమ్మలు తీసే కెమెరా ముందు పెట్టి అసలు సంగతి కనిపెట్టారు. ఇది మనకి సులువుగా బోధపడే విషయమే. ప్రెషర్ కుక్కర్లో ఒత్తిడి పెరుగుతుంది, అందుకని నీళ్ళు మామూలు కంటే ఎక్కువ వేడికి గానీ మరగవు. ఇక్కడ దానికి సరిగ్గా తిరగేసి. నీళ్ళు అంత వేగంగా పోయేసరికి ఒత్తిడి పడిపోతుంది, వేడే లేకుండా నీళ్ళలో ఆవిరి బుడగ పుడుతుంది. మరుక్షణం చుట్టూ ఉన్న నీళ్ళు దాన్ని నొక్కేస్తాయి. బుడగ చితికిపోయే చప్పుడే మనం వినేది. ఆ దెబ్బకి దగ్గరున్న చిన్న పురుగో, పీతపిల్లో మతి తప్పి పడిపోతుంది. రొయ్య దాన్ని బొరియలోకి లాక్కుపోతుంది. చితికే బుడగలో కంటికి ఆనని మెరుపు కూడా వస్తుందనీ, ఆ లిప్తపాటు లోపల 5,000 డిగ్రీలకు తక్కువ కాని వేడి పుడుతుందనీ 2001లో తేల్చారు. రెండంగుళాల ప్రాణి చేతిలో సూర్యుడి పైపొరంత వేడి!

మరి అంత దెబ్బ తనకి తగలదా అంటారేమో. ఈ జాతి రొయ్యల కళ్ళమీద పెంకు ముసుగులా కప్పుకుని ఉంటుంది. ఆ ముసుగు దెబ్బ జోరు తగ్గించి తలని కాపాడుతుందని 2022లో తెలిసింది. ఒకవేళ పెద్ద డెక్క ఊడిపోయిందనుకోండి, ఉన్న చిన్న డెక్కే కుబుసం విడిచినప్పుడల్లా మారుతూ పెద్దదవుతుంది. ఊడినచోట చిన్నది మొలుస్తుంది. కుడిచేతివాటం రొయ్య ఎడమచేతివాటమవుతుందన్నమాట.

కానీ తుపాకీ ఉంటే సరా, గురి చూసే కన్నుండాలి కదా. ఈ రొయ్యకి చూపు చాలా తక్కువ. ఇసుకలో బొరియ తవ్వుతుంది, మొగుడూ పెళ్ళామూ కలిసి కాపురముంటారు. పగలంతా ఒకటే పని. ఇసుకని డెక్కలతో ముందుకి తోసుకుంటూ వచ్చి బయట పోయడం, గవ్వముక్కలు తెచ్చి గోడలకి దన్ను పెట్టడం, కూలితే మళ్ళీ కట్టడం. ఆ బయటికొచ్చిన క్షణాల్లోనే ప్రాణగండం. వచ్చే శత్రువు దానికి కనపడదు.

అందుకని ఒక అద్దెదారుని పెట్టుకుంది. గోబీ అనే చిన్న చేప. మన గోబీ పువ్వుకీ దీనికీ సంబంధం లేదు. చేపకి కళ్ళు బాగా కనిపిస్తాయి, ఇల్లు కట్టుకోవడం రాదు. రొయ్యకి ఇల్లు వచ్చు, కళ్ళు లేవు. చేప గుమ్మంలో కాపలా కూర్చుంటుంది. రొయ్య బయటికి వస్తే ఒక మీసం చేప తోకమీద ఆనించి మరీ పని చేసుకుంటుంది. చేప తోక చిన్నగా ఆడించిందా, రొయ్య ఉన్న పని ఉన్నట్టు వదిలేసి లోపలికి. ప్రమాదం మరీ దగ్గరికొస్తే చేప కూడా తలకిందులుగా బొరియలోకి దూకుతుంది. పట్నాల్లో అద్దె సంగతి మనకి తెలియనిది కాదు. నెల తిరిగేసరికి డబ్బు అడగని ఇల్లుగలవారు, ఒక్కనాడూ నిద్రపోని కాపలా అద్దెదారూ, ఈ రెండూ ఒకే గుమ్మంలో ఉండటం నాకైతే వింతే. చేప లేనప్పుడు రొయ్య బయటికి రావడానికి బెదురుతుంది.

వేలకొద్దీ తుపాకీ రొయ్యలు ఒకచోట చేరితే సముద్రం లోపల పోపులో ఆవాలు చిటపటలాడుతున్నట్టే ఉంటుందిట. రెండో ప్రపంచ యుద్ధంలో జలాంతర్గాముల చప్పుడు వినబోయిన అమెరికా నౌకాదళం వారికి ఈ చిటపట అడ్డం వచ్చి, ఇదేమిటో కనుక్కోమని శాస్త్రజ్ఞులని పురమాయించారు. తేలింది రొయ్యలు!

ఆ గోల వల్ల ఒక మేలుంది. పగడపు దిబ్బల్లో పుట్టిన చేపపిల్లలు సముద్రంలోకి కొట్టుకుపోయి, కొంచెం ఎదిగాక మళ్ళీ దిబ్బ వెతుక్కుంటూ వస్తాయి. దారి చూపేవాటిలో ఈ చప్పుడు ఒకటి. 2005లో ప్రకటించిన ఒక ప్రయోగంలో ఆస్ట్రేలియా తీరాన కొన్ని రాళ్ళ దిబ్బలు పేర్చి, వాటిలో కొన్నింటి దగ్గర దిబ్బ చప్పుళ్ళు రికార్డు చేసి వినిపిస్తే, చప్పుడున్నచోటికే ఎక్కువ పిల్లలు చేరాయి.

మనం కాల్చే బొగ్గు, పెట్రోలు వల్ల గాలిలో పెరిగిన బొగ్గుపులుసు వాయువు సముద్రంలో కరిగి నీళ్ళని పులుపెక్కిస్తోంది. అటువంటి నీళ్ళలో తుపాకీ రొయ్యలు ఎలా ఉంటాయోనని చూసిన పరిశోధకులు 2016లో ఫలితం ప్రకటించారు. డెక్కలు బాగానే ఉన్నాయి. కానీ పేల్చడం తగ్గింది, పేల్చినా చప్పుడు చిన్నదయింది. గాలిలో ఆ వాయువు ఇప్పటికీ ఏటేటా పెరుగుతూనే ఉంది. గోల తగ్గితే, ఇల్లు వెతుక్కుంటూ వచ్చే చేపపిల్లలకి దారి తెలియడం కష్టమవుతుంది.