అడ్మిషన్‌లోనే కొట్టేస్తే
(అనంతపురంలో మహిళా కార్యకర్తల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



"కోర్టు కేసు కొట్టేసిందమ్మా" అనగానే కాగితాలు పెట్టెలో పెట్టేసి ఊరుకునే ఆడవాళ్లు మన జిల్లాలో ఎందరో. ఏ దశలో కొట్టేశారు, ఏం కారణం రాశారు? ఈ రెండు ప్రశ్నలు అడిగేవాళ్లు ఉండరు.

చెనిక్కాయ ఎండి, బోర్లు ఎండి, అప్పులతో రైతు ప్రాణం తీసుకున్న ఇల్లు తీసుకుందాం. 2004 జూన్ 1 నాటి 421వ జీవో ప్రకారం ఆర్డీవో, డీఎస్పీ, వ్యవసాయశాఖ అధికారి ఉన్న కమిటీ అది రైతు ఆత్మహత్యేనని తేల్చాలి. తేలిస్తే లక్ష సాయం, అప్పుల సర్దుబాటుకు యాభై వేలు, ఆనాటి లెక్కలో. భూమి మామ పేర ఉందనో, నోటిమాట గుత్త చెల్లదనో కమిటీ కాదంటే ఆమె 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయవచ్చు.

ఆ రిట్‌ను విచారణకు తీసుకోకుండానే తోసిపుచ్చవచ్చు: ఆలస్యంగా వచ్చావు, వేరే మార్గం ఉంది, వాస్తవాలు వివాదంలో ఉన్నాయి అని. ఇవేవీ ఆమె భర్త రైతు కాదన్న తీర్పు కాదు. 1961లో దర్యావ్ కేసులో సుప్రీంకోర్టు ఈ తేడానే చూపింది. మంచిచెడ్డలు విచారించి కొట్టేస్తే ఆ తీర్పు కట్టేస్తుంది. ఆలస్యమనో, కారణమే రాయకుండానో తోసేస్తే 32వ అధికరణం కింద పైకి వెళ్లడానికి అది అడ్డు కాదు. ఆ కేసు వేసిందీ రైతులే. 1947 అల్లర్లలో ఊరొదిలి, తిరిగొచ్చేసరికి పొలాలు పరుల చేతుల్లో ఉన్నాయి.

ఢిల్లీ దాకా పోకముందే దారి ఉంది. ఒక న్యాయమూర్తి కొట్టేస్తే అదే హైకోర్టులో ఇద్దరు న్యాయమూర్తుల బెంచి ముందు రిట్ అప్పీలు వేయవచ్చు. గడువు 30 రోజులు. సర్టిఫైడ్ నకలుకు పట్టిన రోజులు ఆ లెక్కలోంచి తీసేస్తారు. అందుకే ఆర్డరు వచ్చిన రోజే నకలుకు దరఖాస్తు పెట్టించండి. గడువు దాటితే కారణాలు చూపి జాప్యం మన్నించమని అడగవచ్చు.

ఈ "ఆలస్యం" అనే మాట నాకు మింగుడుపడదు. రిట్‌కు చట్టం ఇన్నాళ్లని గడువు పెట్టలేదు, అది న్యాయమూర్తి విచక్షణ. భర్త పోయిన మనిషి గడప దాటకూడదన్న కట్టుబాటు, అప్పులోళ్ల తాకిడి, పిల్లలతో బెంగుళూరు వలస, ఆఫీసులో "రేపు రా" అన్న జవాబు, ఇవన్నీ ఆ నెలల్లోనే జరుగుతాయి. అఫిడవిట్‌లో తేదీలతో లేకపోతే బెంచికి కనిపించేవి ఖాళీ నెలలే. చాలామంది వకీళ్లు ఇవి అడగరు. రాయించాల్సింది మనం. కమిటీ తిరస్కరణ కూడా కాగితం మీద తీసుకోవాలి. నోటిమాట మీద అప్పీలు నడవదు.

రిట్ "అడ్మిట్" అయిందని సంబరపడీ కూర్చోవద్దు. మధ్యంతర ఉత్తర్వు లేకపోతే ఏళ్లు పడుతుంది. అడ్మిట్ చేసినంతలో ఎవరి హక్కూ తేలదు గనుక మామూలుగా దానిమీద అప్పీలుండదు. హక్కును నిజంగా దెబ్బతీసే మధ్యంతర ఉత్తర్వు మీద మాత్రం వెళ్లవచ్చు.

ఖర్చు సంగతి. 2019 జనవరి 1 నుంచి మన హైకోర్టు అమరావతిలో ఉంది, మనకు హైదరాబాదు కన్నా దూరం. కానీ 1987 న్యాయసేవల చట్టం 12వ సెక్షన్ కింద స్త్రీకి ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత వకీలు హక్కు ఉంది. దరఖాస్తు జిల్లా న్యాయసేవా సంస్థలోనే ఇవ్వవచ్చు.

భోజనాల తర్వాత, మీ దగ్గర కొట్టేసిన ఆర్డర్లుంటే తీసుకురండి. కలిసి చదువుదాం.