పాట కట్టినవాడే వేషం కడితే



పదకర్త సారంగపాణి పదాలు పుట్టిన జిల్లాలో సినిమా పాట గురించి మాట్లాడడం తగునా అని కొందరికి అనిపించవచ్చు. తగుతుందనే నా నమ్మకం. వేణుగోపాలుడి మీద ఆయన కట్టిన పదాలు పాడడానికే కాదు, అభినయించడానికి కూడా. అలాంటి పాట కట్టేవాడు కంటికీ చేతికీ చోటు వదలాలి. వెండితెర మీద ఆ మెలకువ నిండుగా తెలిసినవారు మన చిత్తూరు నాగయ్యగారు.

ఆయన పుట్టింది 1904లో, రేపల్లెలో. చిత్తూరు రామవిలాస సభ నాటకాలతో మన ఊరి పేరు ఆయన పేరుకు ముందు చేరింది. 1938లో ‘గృహలక్ష్మి’తో సినిమాల్లోకి వచ్చారు. మరుసటి ఏడే బి.ఎన్.రెడ్డిగారి ‘వందేమాతరం’లో కథానాయకుడూ ఆయనే, సంగీత దర్శకుడూ ఆయనే. ఆ తర్వాత ‘భక్త పోతన’లోనూ అంతే.

‘త్యాగయ్య’ దగ్గర కాస్త ఆగుదాం. 1946లో వచ్చిన ఆ చిత్రానికి నిర్మాత, దర్శకుడు, నటుడు, సంగీత దర్శకుడు అన్నీ ఆయనే. కీర్తనలు త్యాగరాజస్వామివి కదా, ఇక సంగీత దర్శకుడికి పనేముందని అడగొచ్చు. అసలు పని అక్కడే ఉంది. కచేరీలో అరగంట విస్తరించగల కీర్తన సినిమాలో నాలుగు నిమిషాల్లో ఇమడాలి. సంగతులు మితిమీరితే విద్వాంసుడు కనిపిస్తాడు, త్యాగయ్య మాయమవుతాడు. మరీ తగ్గిస్తే రాగం చిన్నబోతుంది. ఎక్కడ ఆపాలో నాగయ్యగారికి తెలుసు, ఎందుకంటే ఆ పాట పాడుతూ కెమెరా ముందు కూర్చోవలసింది తానే. ఆయన గొంతులోని నెమ్మది నాకు నటనలో భాగంగానే వినిపిస్తుంది.

నేపథ్యగానం బలపడ్డాక గొంతు ఒకరిది, ముఖం ఒకరిది అయింది. కొత్త గాయకులు గొప్పవాళ్లే, కాదనను. కానీ నాగయ్యగారిలోని సంగీత దర్శకుణ్ణి పరిశ్రమ పక్కన పెట్టి, తండ్రి వేషాలకు పిలవడం మనకు జరిగిన నష్టం. 1965లో పద్మశ్రీ వచ్చింది, 1973లో కన్నుమూశారు.

ఒక్క సంగతి గమనించండి. పోతన, త్యాగయ్య, వేమన: ఆయనకు పేరు తెచ్చిన ఈ పాత్రలన్నీ పద్యమో కీర్తనో కట్టినవాళ్లవి. 1964లో, 60వ ఏట, మళ్లీ దర్శకత్వం చేపట్టి ఆయన వేసుకున్న వేషం భక్త రామదాసు.