రెండు మార్కుల ప్రశ్న

(రామగిరి మండలంలో ఆదివాసీ యువతీ యువకుల సమావేశంలో ఒక నాయక్‌పోడు న్యాయవాది మాట్లాడిన మాటలివి. ఆమె మాట తీరు అట్లనే ఉంచి, అక్కడక్కడ సరిచేసి పెడుతున్నాం.)

 

లా చదివిన మన పిల్లలు వకీలుగా పేరు ఎట్ల నమోదు చేసుకోవాలె, బార్ ఎగ్జామ్ ఎట్ల రాయాలె, గది చెప్పుమని నన్ను పిలిచిన్రు. గదే చెప్త. కని ముందుగాల మా నాయిన సంగతి ఒకటి చెప్పాలె. అది చెప్పకపోతే ఈ పరీక్ష మీకు వట్టి పరీక్ష లెక్కనే కనబడతది.

మాకు మూడున్నర ఎకరాలు ఉండేది. గని కింద పోయింది. ఏ గని, ఏ ఊరు అనేది ఇక్కడ అవసరం లేదు, ఈ బెల్టుల అందరిదీ ఇంచుమించు గదే కథ. అప్పుడు 1894 నాటి పాత భూసేకరణ చట్టం నడుస్తున్నది. పైసలు ఇచ్చే రోజు మా నాయిన తెల్ల అంగీ తొడుక్కొని పోయిండు. వరుసల నిలబడ్డడు, వేలిముద్ర వేసిండు, చెక్కు తీసుకున్నడు. మా పక్క చేను ఆయన కూడ గదే రోజు, గదే వరుసల తీసుకున్నడు. కని ఆయన బామ్మర్దికి కోర్టు సంగతులు తెలుసు. సంతకం కింద ఒక ముక్క రాయించిండు: "పరిహారం చాలదన్న అభ్యంతరంతో తీసుకుంటున్నాను." ఆరు వారాలలోపు దరఖాస్తు పెట్టిచ్చిండు. కొన్నేండ్లకు కోర్టు ఆయనకు పరిహారం పెంచింది. మాకు పెంచలేదు. భూమి ఒక్కటే, గట్టు ఒక్కటే. తేడా ఆ ఒక్క వాక్యం.

ఇంకా బాధ ఏందంటే, మాకు రెండో తలుపు కూడ ఉండె. పక్కోనికి కోర్టు పెంచినంక, అదే నోటిఫికేషన్ కింద భూమి పోయి దరఖాస్తు పెట్టుకోనోళ్లు కూడ మూడు నెలల్ల కలెక్టర్‌ను అడగొచ్చు అని ఆ పాత చట్టంలనే 28ఏ సెక్షన్ ఉండె. ఆ సెక్షన్ సంగతి నేను లా కాలేజీల చదివిన రోజున నాకు తెలిసింది. అప్పటికి ఆ మూడు నెలలు దాటి నాలుగేండ్లు అయింది. ఆ రోజు హాస్టల్ గదిల నాకు అన్నం పోలేదు.

ఇప్పుడు 2013 చట్టం ఉన్నది, 2014 జనవరి 1 నుంచి అమలైతున్నది. అండ్ల కూడ ఇవన్నీ ఉన్నయి. అభ్యంతరం లేకుండ పైసలు తీసుకుంటే మళ్లీ ఎక్కువ అడిగే హక్కు పోతదని 77వ సెక్షన్‌ల ఉంటది. ఆరు వారాల లెక్క 64వ సెక్షన్‌ల ఉంటది. మూడు నెలల రెండో తలుపు 73వ సెక్షన్. ఒక్క మాట గుర్తుపెట్టుకోండ్రి, మన ఈ రామగిరి షెడ్యూల్డ్ ఏరియాల లేదు. 1/70 చట్టం ఇక్కడ వర్తించదు. ఏజెన్సీల మనవాళ్లకు ఉన్న ఆ కంచె మనకు లేదు. మనకు ఉన్నది ఈ మామూలు భూసేకరణ చట్టమే, దాని గడువులే.

బార్ ఎగ్జామ్‌ల వంద మార్కులు ఉంటయి. అండ్ల ఈ భూసేకరణకు ఎన్ని మార్కులో తెలుసా? రెండు. మా నాయిన మూడున్నర ఎకరాలు రెండు మార్కుల ప్రశ్న. పర్యావరణ చట్టానికి కూడ రెండే. కార్మిక చట్టాలకు నాలుగు. గనుల నడుమ బతికే మనకు ఈ తూకం చూస్తే నవ్వొస్తది. కని ఆ పరీక్ష పాసైనోళ్లకే ఆ రెండు మార్కుల చట్టం పట్టుకొని కోర్టుల నిలబడే హక్కు ఉంటది. అందుకే రాయాలె.

సరే, అసలు సంగతికి వస్త.

లా డిగ్రీ చేతికొచ్చినంక రెండు మెట్లు. మొదటిది తెలంగాణ బార్ కౌన్సిల్‌ల పేరు నమోదు. రెండోది బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా పెట్టే ఆల్ ఇండియా బార్ ఎగ్జామినేషన్. చాలామంది ఇది రాష్ట్రం పెట్టే పరీక్ష అనుకుంటరు, కాదు. దేశమంతటికీ ఒక్కటే. 2010ల తీర్మానం చేసి, 2011 మార్చిల మొదటిసారి పెట్టిన్రు. ఈ పరీక్ష పెట్టే అధికారమే లేదని కొందరు కోర్టుకు పోయిన్రు. 2023 ఫిబ్రవరిల సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం పరీక్ష చెల్లుతదని చెప్పింది. కాబట్టి రద్దయితదేమో అని ఎదురు చూసుకుంట కూసునే పని లేదు.

మొదటి మెట్టు మీదనే మన పిల్లలు ఎక్కువ ఆగిపోతున్నరు. ఎందుకు? పైసలు. నేను పేరు రాయించుకున్న నాడు మా అవ్వ వెండి కడియాలు కుదువపెట్టింది. దేశమంతట గిట్లనే ఉండె. కొన్ని రాష్ట్రాలల్ల 15 వేలు, కొన్నిట్ల 40 వేలు దాటి కూడ తీసుకునేటోళ్లు. 2024 జులై 30న గౌరవ్ కుమార్ కేసుల సుప్రీంకోర్టు దీనికి గండి కొట్టింది. 1961 అడ్వకేట్స్ చట్టం 24వ సెక్షన్‌ల ఎంత రాసి ఉంటే అంతే తీసుకోవాలె, దాని మీద వేరే పేర్లతోని వసూలు చేయొద్దు అన్నది. ఇంత ఫీజు పెడితే అణగారిన వర్గాల పిల్లలు ఈ వృత్తిలకు రాకుండ అడ్డం పడ్డట్టే అని కూడ అన్నది. ఆ సెక్షన్‌ల ఎంత ఉన్నదో వినండ్రి: జనరల్ వాళ్లకు 750 రూపాయలు. ఎస్సీ, ఎస్టీలకు 125 రూపాయలు. వంద రాష్ట్ర కౌన్సిల్‌కు, ఇరవై అయిదు ఢిల్లీ కౌన్సిల్‌కు. స్టాంపు డ్యూటీ ఉంటే అది వేరే. తర్వాత 2025 ఆగస్టుల కర్ణాటక కౌన్సిల్ మీద వచ్చిన కేసుల, ఆప్షనల్ ఫీజు అని పేరు పెట్టి కూడ తీసుకోవద్దని మళ్లొకసారి చెప్పింది.

గందుకే చెప్తున్న. ఎవరైనా మధ్యలోడు "పని చేసిపెడత, ఇరవై వేలు అయితది" అంటే ఆ తీర్పు పేరు చెప్పండ్రి. ఏ పైసకైనా రశీదు అడగండ్రి.

125 రూపాయలకు కావాలంటే కుల సర్టిఫికెట్ కావాలె. ఇక్కడ మనోళ్లకు ఇంకో తిప్పల. పదో తరగతి మెమోల ఒక పేరు, ఆధార్‌ల ఒక పేరు, కుల సర్టిఫికెట్‌ల ఇంకో పేరు. బడిల సారు ఇంటిపేరు రాయడు, మీసేవల రాస్తడు. పెద్ద బాపు అన్నది ఒకకాడ బాపు అయితది. నా పేరుల ఒక్క అక్షరం తేడాకు నేను మూడుసార్లు తిరిగిన. లా మొదటి సంవత్సరంలనే ఈ కాగితాలన్నీ పక్కపక్కన పెట్టి చూసుకోండ్రి. అయిదో సంవత్సరం దాకా ఆగొద్దు.

కేసులు ఉన్నోళ్లు కూడ అడిగిన్రు, పోడు కేసులు, ధర్నా కేసులు. 24ఏ సెక్షన్ చదవండ్రి. నీతిమాలిన నేరం కింద శిక్ష పడ్డోళ్లను చేర్చుకోరు, అది కూడ విడుదలై రెండేండ్లు దాటినంక అడ్డం కాదు. శిక్ష పడుడు వేరు, కేసు నడుసుడు వేరు. కని దరఖాస్తుల అడిగితే దాచిపెట్టొద్దు. దాచినందుకే తర్వాత మెడకు చుట్టుకుంటది. అదే సెక్షన్‌ల ఇంకో సంగతి ఉన్నది, నాకు మస్తు ఇష్టం: 1955 అంటరానితనం నేరాల చట్టం కింద శిక్ష పడ్డోడు కూడ వకీలు కాలేడు. చదివినప్పుడల్లా ఒకసారి ఆగి చూస్త ఆ లైను.

జీతం మీద పూర్తికాలం నౌకరి చేసుకుంట వకీలుగా ఉండొద్దు, అది బార్ కౌన్సిల్ నియమం. గని మీద డ్యూటీ చేసుకుంట నల్లకోటు వేసుకుంట అంటే నడవదు. ఇది కష్టమే. ఇంట్ల ఒక్క జీతం మీద అయిదుగురు బతుకుతున్నప్పుడు ఎవలు వదులుకుంటరు? దీనికి నాకాడ జవాబు లేదు. మొదటి రెండు మూడేండ్లు సీనియర్ ఇచ్చేది బస్సు చార్జీలకే సరిపోతది, అబద్ధం చెప్పను.

పేరు నమోదైనంక రెండేండ్ల గడువు ఉంటది. ఆ లోపు బార్ ఎగ్జామ్ పాసై సర్టిఫికెట్ ఆఫ్ ప్రాక్టీస్ తెచ్చుకోవాలె. ఎన్నిసార్లైనా రాయొచ్చు. చివరి సంవత్సరంల ఉన్న విద్యార్థులను కూడ రాయనియ్యాలె అని 2024 సెప్టెంబర్‌ల సుప్రీంకోర్టు చెప్పింది. మీరు చివరి సెమిస్టర్‌ల ఉంటే నోటిఫికేషన్ వచ్చిన రోజే చూసుకోండ్రి, ఒక ఏడాది మిగులుతది.

పరీక్ష ఫీజు ఎస్టీలకు 2,500. పేరు నమోదుకు 125, పరీక్షకు 2,500! ఇదేం లెక్కనో నాకు ఇప్పటికీ సమజ్ కాదు. ఇప్పటినుంచే పక్కన పెట్టుకోండ్రి. దరఖాస్తు ఆన్‌లైన్‌లనే. ఫోటో, సంతకం, ఎన్‌రోల్‌మెంట్ సర్టిఫికెట్, కుల సర్టిఫికెట్ ముందే స్కాన్ చేయించి పెట్టుకోండ్రి. ఆఖరి రోజు రాత్రి నెట్ సెంటర్‌ల కూసుంటే సైటు నడవది. సెంటర్ హైదరాబాద్ పడితే ముందు రోజే రామగుండంల రైలెక్కండ్రి. పొద్దున పరీక్ష, పొద్దున రైలు అని పెట్టుకోవద్దు.

ఇగ చదువుడు. వంద ప్రశ్నలు, నాలుగు జవాబుల్ల ఒకటి పెట్టుడు. తప్పుకు మార్కు కోసరు, కాబట్టి ఒక్కటి కూడ ఖాళీ విడువొద్దు. ఎస్టీలకు 40 వస్తే పాస్, జనరల్‌కు 45. నేను రాసిన నాడు మనకు 35 ఉండె. నాకు మొదటిసారి ఎన్ని వచ్చినయో తెలుసా? 33.

ఎందుకు పోయిందో చెప్త. అప్పుడు ఏ పుస్తకమైనా లోపలికి తీసుకపోనిచ్చేటోళ్లు. నేను పదకొండు పుస్తకాలు బస్తాల కట్టుకొని పోయిన. పుస్తకం ముందటనే ఉంటది గదా, చూసి రాస్త అనుకున్న. ఒక ప్రశ్నకు రెండు నిమిషాలు కూడ సరిగ్గ దొరకయి. మొదటి ప్రశ్నకే పావుగంట పేజీలు తిరగేసిన. పక్కన కూసున్న అమ్మాయికాడ మూడే పుస్తకాలు ఉన్నయి, అంచులకు రంగు కాగితాలు అంటించుకున్నది. ఆమె పాసైంది.

ఇప్పుడు గైడ్లు రానియ్యరు. చట్టం మూలపాఠం ఒక్కటే, బేర్ యాక్ట్ అంటరు, నోట్సు లేనిది, రాతలు లేనిది. కాబట్టి విషయసూచిక మీకు ఇంటి దారి లెక్క తెలిసి ఉండాలె. పొద్దుగాల ఒక గంట ఒకలు సెక్షన్ పేరు చెప్పుడు, ఇంకొకలు పేజీ తీసుడు. పిల్లల ఆట లెక్కనే ఉంటది, కని అదే పని చేస్తది.

రాజ్యాంగం పది, సివిల్ ప్రొసీజర్ పది, క్రిమినల్ ప్రొసీజర్ పది. శిక్షాస్మృతి ఎనిమిది, సాక్ష్యం ఎనిమిది, కుటుంబ చట్టాలు ఎనిమిది, కాంట్రాక్టు, ఆస్తి బదిలీ అవన్నీ కలిపి ఎనిమిది. ఈ ఏడింట్లనే 62 మార్కులు ఉన్నయి. మీకు కావాల్సింది 40. ముందు వీటి మీద కూసోండ్రి. పన్నులు, పేటెంట్లు చూసి భయపడొద్దు. 2024 జులై 1 నుంచి ఐపీసీ పోయి భారతీయ న్యాయ సంహిత వచ్చింది, ప్రొసీజరు, సాక్ష్యం కూడ మారినయి. అన్నలు వాడిన పాత పుస్తకాలు అగ్గువకు దొరికినయని కోఠిల కొనుక్కొచ్చుకోవద్దు. ఇండియా కోడ్ అనే సర్కారు సైటుల చట్టాలన్నీ ఉత్తగనే ఉన్నయి, అక్కడ చదువుకోండ్రి.

ఒక అక్క నన్ను పొద్దుగాల చాయ్ దగ్గర అడిగింది: "మా బిడ్డను వకీలు చదివియ్యాలంటే భయమైతున్నది." ఆమె ఎందుకు అన్నదో ఇక్కడ అందరికి తెలుసు. 2021 ఫిబ్రవరి 17న మంథని కోర్టు నుంచి కారుల పోతున్న గట్టు వామనరావు, నాగమణి దంపతులను ఇదే మండలంల, కల్వచర్లకాడ, పట్టపగలు నడిరోడ్డు మీద నరికి చంపిన్రు. ఇద్దరూ హైకోర్టు వకీళ్లు. 2025ల సుప్రీంకోర్టు ఆ కేసు సీబీఐకి అప్పజెప్పింది. భయపడొద్దు అక్కా అని నేను అనలేను. ఆ తొవ్వల పోయినప్పుడల్లా నేను కూడ అటు చూడకుండ పోలేను. ఒక్కతే వకీలు ఉన్న ఊరుల ఆ వకీలుకు భయం ఎక్కువ ఉంటది, పదిమంది ఉంటే కొంత తక్కువ ఉంటది. నాకు తెలిసింది అంతే.

2020 ఏప్రిల్ 22న జీవో 3 కొట్టేసిన తీర్పు వచ్చింది. ఏజెన్సీ బడులల్ల టీచర్ పోస్టులన్నీ మనోళ్లకే అన్న జీవో. లాక్‌డౌన్ రోజులు, మనం ఇంట్ల కూసొని వాట్సాప్‌ల చదువుకున్నం. ఆ కేసు ఎన్నేండ్లు నడిచింది, అండ్ల ఎవలు ఏం వాదించిన్రు అని నేను ఊళ్లె అడిగితే చెప్పేటోళ్లు లేరు. కేసు మనది, వార్త మాత్రం అందరితోపాటే మనకూ చేరింది.

ఇంటర్, డిగ్రీ పిల్లలు కూడ వచ్చిన్రు, వాళ్లకు ఒక్క మాట. లాసెట్‌ల ఎస్టీలకు కనీస మార్కుల నిబంధన లేదు. ఇంటర్ తర్వాత అయిదేండ్లది, డిగ్రీ తర్వాత మూడేండ్లది. రాష్ట్రంల ఎస్టీ రిజర్వేషన్ 2022 నుంచి పది శాతం. సీటు రాదని మీకు మీరే అనుకోవద్దు.

మా నాయిన ఇప్పటికీ నా ఫైళ్లు చూసినప్పుడు ఒక్కటే అడుగుతడు, "ఆ ముక్క ఎక్కడ రాయాలె బిడ్డా?" సంతకం పైనా, కిందనా అని. చూపిస్త. మళ్లా రెండు రోజులకు మళ్లా అడుగుతడు.

సరే, ఎండ ఎక్కుతున్నది. నేను ఆ యాపచెట్టు కింద కూసుంట. మెమో, ఆధార్, కుల సర్టిఫికెట్ తెచ్చుకున్నోళ్లు ముందుగాల రాండ్రి, పేర్లు కలుస్తున్నయో లేదో చూద్దాం. ఈ మధ్య భూసేకరణ నోటీసు వచ్చినోళ్లు ఎవలన్నా ఉంటే వాళ్లు అందరికన్నా ముందు రాండ్రి, తారీకు చూడాలె.