కోలాటమున పాటయు, కోపును

కోలాటమునకు పాట యొకటే చాలదు. ఏ అక్షరముపై కోల తాకవలెనో, ఎప్పుడు లోవలయమువారు వెలికి రావలెనో నిర్ణయించు కట్టడి యొకటి వేరుగా నుండవలెను. దానినే ఆటగాండ్రు కోపు అందురు. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు సీమలలో ఉత్సవములకు కోలాటము వేయు పల్లెలు ఇప్పటికిని కలవు.

ఈ పాటలు కట్టువారెవరు? పేరుపడిన కవులు కారు, ఆడువారే. పాత వరుసలో క్రొత్త మాటలు కూర్చుటకు ఎవరి అనుమతియు నక్కరలేదు. ఊరి దేవుడు, ఎండిన చెరువు, వలసపోయిన కొడుకు, ఏదైనను అందిముడును. చప్పట్ల ఆటయైన బతుకమ్మలోను ఇంతే. తెలంగాణోద్యమ దినములలో ఆ వరుసలకు ఉద్యమపు మాటలు కూర్చి పాడిన సంగతి శ్రోతలు మరచియుండరు. కాని మాట బరువు హెచ్చినచో చేయి తడబడును. కావున క్రొత్త పాటకు పరీక్షకుడు పండితుడు కాడు, ఎదుటి జోడీ.

జడకోలాటమున ఈ పరీక్ష మరింత కఠినము. పైనుండి వ్రేలాడు త్రాళ్ళ కొనలు పట్టి, పాట నడచుచుండగా జడ నల్లుదురు. మరల అదే లెక్కను వెనుకనుండి నడచి విప్పుదురు. ఒక్కరు అడుగు తప్పినను త్రాళ్ళు చిక్కుపడును. తప్పెవరిదని వాదింప పనిలేదు!

ఇట్టి ఆటనే నేడు యంత్రములతో ఆడుచున్నారు. 2018లో ప్రాగ్ నగరపు సంస్థ యొకటి వెలువరించిన బీట్ సేబర్‌లో, కన్నులకు తెర కట్టుకొని, రెండు చేతుల కత్తులతో తాళమునకు సరిగా దిమ్మెలను నరుకవలెను. సంస్థ యిచ్చిన పాటలు చాలక ఆటగాండ్రే తమకిష్టమైన పాటకు ఏ దెబ్బ ఏ చేతిదో, ఏ దిక్కునకో చార్టు వ్రాసి పంచుకొనుచున్నారు. చార్టనగా మన కోపే. వారు వ్రాసి యుంచిరి. మనము చాలవరకు ఉంచలేదు.

గద్వాల సీమవారైన సురవరం ప్రతాపరెడ్డిగారు 1949 నాటి ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’లో జనుల ఆటపాటలకు చోటిచ్చిరి. జానపద గేయముల సంపుటములును పెక్కు వెలువడినవి. వానిలో మాట దొరకును. కోల ఎక్కడ తాకినదో తరచుగా దొరకదు. ఊరేగింపులలో ముద్రిత గీతము మ్రోగుచుండగా దానికి తగిన అడుగే వేయుట కూడ హెచ్చినది. పాట పోయిన మరల కట్టుకొందుము. కోపెరిగిన పెద్దలు పోయిన, దాని నెవరి నడుగుదుము?

మీ యూరి ఆటగాండ్రను కూర్చుండబెట్టి వ్రాసికొనుడని మా మనవి. పదము క్రింద, తన కోలలు రెండును తాకుచోట నిలువుగీత, జోడీ కోలను తాకుచోట సున్న, తిరుగుచోట వంపు చాలును. జడకోలాటమునకు మాత్రము ఏ త్రాడు పైగా పోవునో, ఏది క్రిందుగా పోవునో కూడ గుర్తింపవలెను. త్రాళ్ళు రంగురంగులవైనచో ఈ పని సులువగును.